నిమ్మ ఆకుపై వెండి గీతలు: పాముపొడ పురుగు గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

తిరుపతిలో మిద్దె మీద కుండీలో ఒక్క నిమ్మ మొక్క పెంచుకుంటున్నవారూ, గూడూరు, వెంకటగిరి వైపు ఎకరాల కొద్దీ నిమ్మ తోటలు వేసినవారూ మాటలు మార్చి అడిగే ప్రశ్న ఒకటే: లేత ఆకుల మీద ఎవరో వెండి కలంతో గీసినట్టున్న ఈ వంకర గీతలు ఏమిటి, వీటిని ఎలా వదిలించుకోవాలి? ఆ ప్రశ్న వెంట వచ్చే మిగతా సందేహాలకు కూడా ఇక్కడ జవాబులు ఉన్నాయి.

ఈ గీతలు తెగులా, పురుగా?

పురుగే. దీనిని పుస్తకాల్లో ఆకు తొలుచు పురుగు అనీ, గీత పాము పాకిన జాడలా ఉంటుంది కనుక వాడుకలో పాముపొడ అనీ అంటారు. లార్వా, అంటే పిల్ల పురుగు, ఆకు పైపొర కిందికి దూరి, అక్కడి కణాలను ఒక్కొక్కటిగా కోసి రసం తాగుతూ ముందుకు సాగుతుంది. అది ఖాళీ చేసి వదిలిన దారిలోకి గాలి చేరడం వల్ల ఆ చోటు వెండిలా మెరుస్తుంది. గీత నడుమ నల్లని సన్నటి దారం పరచినట్టు కనిపించేది దాని మలం. గీత ఒక కొసన దారమంత సన్నగా మొదలై రెండో కొసకు పోయేకొద్దీ వెడల్పవుతుంది. వెడల్పుగా ఉన్న కొసను ఎండకు అడ్డంగా పట్టి భూతద్దంతో చూస్తే, పసుపు కలిసిన ఆకుపచ్చ రంగులో, బాగా పెరిగినా 3 మిల్లీమీటర్లకు మించని లార్వా కనిపిస్తుంది. అక్కడ ఏమీ లేకపోతే అది తన పని ముగించుకొని వెళ్లిపోయిందని అర్థం.

ఇది ఎక్కడి పురుగు? శాస్త్రీయ నామం ఏమిటి?

శాస్త్రీయ నామం ఫిల్లోక్నిస్టిస్ సిట్రెల్లా. కుటుంబం గ్రాసిలారిడే. స్టెయిన్‌టన్ అనే ఆంగ్ల కీటక శాస్త్రవేత్త 1856లో కలకత్తా నుంచి వచ్చిన నమూనాలను చూసి దీనిని వర్ణించాడు. కాబట్టి ఇది ఎక్కడినుంచో దిగుమతి అయిన పురుగు కాదు, నిమ్మజాతి చెట్లతో పాటు ఆసియాలోనే పుట్టి పెరిగినది. బయటి దేశాలకే ఇది కొత్త చుట్టం: 1993 మే నెలలో అమెరికాలోని ఫ్లోరిడాలో మొదటిసారి కనిపించింది, అదే ఏడాది స్పెయిన్‌లోనూ బయటపడింది, కొద్ది సంవత్సరాల్లోనే మధ్యధరా తీరమంతా, అమెరికా ఖండాలంతా పాకింది.

తల్లి పురుగు ఎలా ఉంటుంది? ఇన్నేళ్లుగా తోట చేస్తున్నా నాకు ఎప్పుడూ ఎందుకు కనబడలేదు?

చూసే ఉంటారు, పురుగు అని అనుకొని ఉండరు. ఇది వెండి తెలుపు రంగులో ఉండే అతి చిన్న రెక్కల పురుగు. రెక్కలు పూర్తిగా విప్పినా ఈ కొస నుంచి ఆ కొసకు 4 నుంచి 5 మిల్లీమీటర్లే ఉంటుంది, ముడుచుకొని కూర్చుంటే అందులో సగం. ముందు రెక్కల మీద సన్నని గోధుమ రంగు చారలు, ఒక్కొక్క రెక్క కొసన ఒక నల్లని చుక్క ఉంటాయి. తెల్లవారుజామున ప్యూపా నుంచి, అంటే లార్వాకూ రెక్కల పురుగుకూ నడుమ ఉండే గూటి దశ నుంచి, బయటికి వస్తుంది, ఉదయపు చల్లటి వేళలో తిరుగుతుంది, గుడ్లు మాత్రం చీకటి పడే వేళకూ రాత్రికీ పెడుతుంది. పగటి ఎండలో ఆకుల అడుగున నీడలో దాగి ఉంటుంది. పొద్దు పొడిచే ముందు చిగురు కొమ్మను ఒకసారి మెల్లగా తట్టి చూడండి, పొట్టు ఎగిరినట్టు లేచే తెల్లటి నలుసులు ఇవే కావచ్చు.

దీని జీవితచక్రం ఎన్ని రోజులు?

తక్కువలో తక్కువ 13 రోజులు, చల్లటి వాతావరణంలో 50 రోజుల దాకా. ఒక్కొక్క తల్లి పురుగు సుమారు 50 గుడ్లు పెడుతుంది. గుడ్లను కుప్పగా కాకుండా విడివిడిగా, ఎక్కువగా లేత ఆకు అడుగున నడి ఈనెకు దగ్గరగా పెడుతుంది. గుడ్డు నీటి చుక్కలా పారదర్శకంగా ఉండి కంటికి ఆనదు. గుడ్డు పగలగానే లార్వా బయటి గాలి సోకకుండా నేరుగా ఆకులోకి దూరుతుంది. అది మూడు దశల్లో రసం తాగుతూ పెరుగుతుంది. నాలుగో దశలో తిండి పూర్తిగా మాని, నోటి నుంచి పట్టు దారం తీసి ఆకు అంచును తన మీదికి మడిచి కుట్టుకుంటుంది. ఆ మడతలోనే ప్యూపాగా మారుతుంది. అంచు దగ్గర చిన్న మడత పడిన ఆకులు మీ చెట్టుకు ఉంటే, వాటిలో ఒకదాన్ని గోటితో విప్పి చూడండి.

ఇందులో గమనించదగ్గ సంగతి ఏమిటంటే, గుడ్డు నుంచి ప్యూపా దాకా దాని బతుకంతా ఒకే ఆకులో గడిచిపోతుంది. ఒక ఆకును వదిలి మరొక ఆకుకు పాకే అలవాటు దీనికి లేదు. కాబట్టి ఈ రోజు గీతలు ఉన్న ఆకు నుంచి పక్క ఆకుకు రేపు అంటుకుంటుందన్న భయం అక్కరలేదు. పక్క ఆకుకు చేటు రావాలంటే అక్కడ మరొక తల్లి పురుగు గుడ్డు పెట్టాలి.

ముదురు ఆకుల జోలికి ఎందుకు పోదు?

దాని నోటి నిర్మాణం అటువంటిది. రసం తాగే దశల్లో లార్వా దవడలు చదునైన పలుచటి కత్తుల్లా ఉంటాయి. లేత ఆకు కణాలను అవి సులువుగా కోయగలవు, కానీ ఆకు ముదిరి పైపొర గట్టిపడిన తరువాత వాటి పదును చాలదు. తల్లి పురుగుకు కూడా ఈ సంగతి ఎరుకే, అందుకే అది ఇంకా పూర్తిగా విప్పుకోని చిగురును వెతికి మరీ గుడ్డు పెడుతుంది. ముదురు ఆకుల మీద మీకు గీతలు కనిపిస్తున్నాయంటే, అవి ఆ ఆకు ఇగురుగా ఉన్నప్పుడు పడిన పాత గీతలే తప్ప కొత్తవి కావు. ఈ పురుగు గురించి ఒక్క విషయమే గుర్తు పెట్టుకోదలిస్తే ఇదే పెట్టుకోండి, ఎందుకంటే ముందు రాబోయే జవాబులన్నీ దీని మీదే నిలబడి ఉన్నాయి.

మా టమాటా ఆకుల మీద కూడా ఇలాంటి గీతలే ఉన్నాయి. నిమ్మ నుంచి వచ్చాయా?

రాలేదు. టమాటా, చిక్కుడు, ఆముదం వంటి మొక్కల ఆకుల మీద తెల్లని పాముపొడ గీసేది ఒక చిన్న ఈగ పిల్ల, రెక్కల పురుగు కాదు. లిరియోమైజా అనే ఆ ఈగ విదేశాల నుంచి వచ్చి, 1990 దశకం మొదట్లో మన దేశంలో గుర్తింపుకు వచ్చింది. పేరు ఒకటే అయినా ఈ రెండింటికీ చుట్టరికం లేదు, ఒకదానికి పనికి వచ్చే మందు రెండోదానికి పనికి వస్తుందన్న హామీ కూడా లేదు.

మదనపల్లె, పుంగనూరు వైపు టమాటా వేసేవారికి మరొక తలనొప్పి ఉంది. టుటా అబ్సొల్యూటా అనే దక్షిణ అమెరికా రెక్కల పురుగు 2014లో మహారాష్ట్రలో మొదట కనబడి దక్షిణాదికి విస్తరించింది. అది గీతలు కాకుండా ఆకు మీద బొబ్బల్లాంటి పెద్ద మచ్చలు చేస్తుంది, కాయలోకి కూడా దూరుతుంది. ఇక వర్షాధారపు వేరుశనగలో ఆకుముడత అని మనం పిలిచే పురుగు దానికి దగ్గరి బంధువు. అది మొదట్లో ఆకును తొలిచి, పెరిగిన తరువాత ఆకులను కలిపి గూడు అల్లుకొని లోపల కూర్చొని తింటుంది. అంటే ఆకును తొలవడం అనేది ఏదో ఒక పురుగు వంశానికి సొంతమైన విద్య కాదు, వేర్వేరు వంశాలు వేర్వేరుగా నేర్చుకున్నదే.

నిమ్మ కాకుండా ఇంకే చెట్లకు వస్తుంది?

చీనీ, నారింజ, కమలా, దబ్బ, పంపర పనస, ఇలా నిమ్మ కుటుంబంలోని చెట్లన్నింటికీ వస్తుంది. పంపర పనస ఆకు వెడల్పైనది కనుక ఒకే ఆకులో నాలుగైదు లార్వాలు ఎవరి దారిన అవి పోతూ కనబడవచ్చు. మారేడు కూడా ఈ కుటుంబానిదే, దాని లేత దళాల మీద కూడా ఈ పురుగు నమోదైంది. కార్తీక మాసంలో కపిలతీర్థానికో శ్రీకాళహస్తికో మారేడు దళాలు తీసుకుపోయేవారు వెండి గీత ఉన్న దళాన్ని పక్కన పెట్టడం నేను చూశాను. పురుగు తొలిచిన దళం పూజకు పనికిరాదన్న పెద్దల మాట వారు పాటిస్తున్నారు, దానిలో విషమేమీ లేదు. కరివేపాకు కూడా ఈ కుటుంబపు మొక్కే గాని, దాని ఆకులు ముడుచుకుపోయినా కొరికినట్టున్నా ముందుగా అనుమానించవలసినది రసం పీల్చే సిల్లా పురుగునూ, నిమ్మ సీతాకోకచిలుక గొంగళిపురుగునూ.

చలి దేశాల్లో భూర్జ చెట్ల ఆకులను తొలిచే రెక్కల పురుగులు ఉన్నాయని చదివాను. అవీ ఇదీ ఒకటేనా?

ఒకటి కావు, కానీ కొన్ని దగ్గరి బంధువులు. భూర్జం అంటే మనకు తెలిసింది భూర్జపత్రం. మన ప్రాంతంలో తాటాకు మీద గ్రంథాలు రాసుకున్నట్టే కాశ్మీరంలో ఆ చెట్టు బెరడు మీద రాసుకున్నారు. ఆ హిమాలయ భూర్జానికి సోదర జాతులు ఐరోపాలో విస్తారంగా పెరుగుతాయి, వాటి ఆకుల్లో కాపురం చేసే చిన్న రెక్కల పురుగులు అనేకం ఉన్నాయి.

వాటిలో ఫిల్లోనోరిక్టర్ ఉల్మిఫోలియెల్లా అనేది మన నిమ్మ పురుగు కుటుంబానికే చెందినది. పేరుకు అర్థం ఎల్మ్ అనే మరొక చెట్టు ఆకు పురుగు అని, తినేది మాత్రం భూర్జం ఆకు. పేరు పెట్టినవారు పొరబడ్డారు, పేరు మాత్రం నిలిచిపోయింది. దాని లార్వా చిన్నప్పుడు మన పురుగులాగానే చదునైన దవడలతో కణాల రసం తాగుతుంది. కొంత పెరిగాక దాని తల, దవడల ఆకారమే మారిపోయి, ఆకు లోపలి కండను కొరికి తినడం మొదలుపెడుతుంది. ఆకు అడుగు పొరను లోపలి నుంచి పట్టు దారంతో లాగి బిగించడంతో ఆకు గుడారంలా ఉబ్బుతుంది, లార్వా ఆ గుడారంలో ఉండి పెరుగుతుంది. మన నిమ్మ పురుగు అలా మారదు. చివరిదాకా రసం తాగి, ఆపైన తిండే మానేస్తుంది. కాబట్టి మన పురుగు గుడారం వేయదు, గీతే గీస్తుంది.

ఎరియోక్రానియా అనే మరొక పురాతన వంశపు పురుగులు ఎండ కాసే వసంతపు పగటి వేళ భూర్జం చుట్టూ ఎగురుతాయి, ఇంకా విచ్చుకోని మొగ్గల్లో గుడ్లు పెడతాయి. వాటి లార్వాలు ఆకులో పెద్ద బొబ్బ చేసి, ఆ బొబ్బలో మలాన్ని సేమ్యా పోగుల్లా వదులుతాయి. కొద్ది వారాల్లోనే పెరిగి నేలలోకి దిగి, గూడు కట్టుకొని మరుసటి వసంతం దాకా అక్కడే ఉంటాయి. ఏడాదికి ఒకే తరం. భూర్జం ఏటా ఒక ఋతువులో చిగురించి, శీతాకాలంలో ఆకు రాల్చి నిద్రపోతుంది కనుక దాని పురుగూ అదే లెక్కకు కట్టుబడింది. మన నిమ్మ చెట్టు ఆకు మొత్తంగా రాల్చదు, నీళ్లు దొరికినప్పుడల్లా ఇగురు వేస్తుంది. కాబట్టి మన పురుగుకు నిద్రపోవలసిన అవసరం రాక, ఏడాదికి ఎన్నో తరాలు సాగుతాయి. భూర్జపు పురుగు గురించి ఆంగ్లంలో చదివి, రాలిన ఆకులను ఊడ్చి కాల్చితే చాలునని నిమ్మ తోటలో చేస్తే పెద్దగా ఫలితం ఉండకపోవడానికి కారణం ఇదే.

చెట్టు చచ్చిపోతుందా? కాపు తగ్గుతుందా?

నాలుగేళ్లు దాటిన, బాగా పెరిగిన చెట్టుకు ఈ పురుగు వల్ల చెప్పుకోదగ్గ నష్టం ఉండదు. దాని ఆకుల్లో అధిక భాగం ముదురువే, కాపుకు కావలసిన ఆహారాన్ని అవి తయారు చేస్తాయి. నారుమడిలోని మొలకలు, అంటు కట్టిన మొక్కలు, నాటి మూడు నాలుగేళ్లు కాని చెట్లు మాత్రం నిజంగా దెబ్బతింటాయి. వాటికి ఉన్నదంతా లేత ఆకే కాబట్టి, ఒక చిగురు పాడైతే ఆ విడత ఎదుగుదల అంతా పోయినట్టే.

గజ్జి తెగులు కూడా ఈ పురుగు వల్లే వస్తుందా?

ఇది చాలా ముఖ్యమైన ప్రశ్న. గజ్జి తెగులుకు కారణం జాంథోమోనాస్ అనే బాక్టీరియా. పురుగు ఆ బాక్టీరియాను ఒక చెట్టు నుంచి మరొక చెట్టుకు మోసుకుపోదు, ఆ పని ప్రధానంగా గాలితో కూడిన వాన చేస్తుంది. అయితే మామూలుగా బాక్టీరియా ఆకులోకి చేరాలంటే సన్నని పత్రరంధ్రమో గాయమో దొరకాలి, అదీ ఆకు లేతగా ఉన్నప్పుడే. పాముపొడ పడిన ఆకులో గీత పొడవునా తెరిచిన గాయమే ఉంటుంది, అది మానడానికి కూడా ఎక్కువ రోజులు పడుతుంది. అందుకే గీత వెంబడే గజ్జి మచ్చలు వరుసగా పూసల్లా లేవడం మనం చూస్తుంటాము. నిమ్మకు గజ్జి బాధ ఎక్కువ, చీనీకి కొంత తక్కువ. గజ్జి ఇప్పటికే ఉన్న తోటలో పాముపొడను పట్టించుకోవలసిన అసలు కారణం ఆకు అందం చెడుతుందని కాదు, ఇది. బాలాజీ అనే నిమ్మ రకం గజ్జిని కొంత తట్టుకుంటుంది, కానీ తట్టుకోవడం వేరు, అసలు రాకపోవడం వేరు.

ఏ నెలల్లో ఎక్కువ?

నెలను చూడకండి, ఇగురును చూడండి. మన వైపు తొలకరి వానల తరువాత ఒక విడత, అక్టోబరు నుంచి డిసెంబరు దాకా కురిసే ఈశాన్య రుతుపవనాల వానలకు మరొక పెద్ద విడత ఇగురు వస్తుంది. ఈ రెండో విడతలో చలువ, తేమ, లేత ఆకు, గజ్జిని చల్లే వాన అన్నీ ఒకేసారి కలుస్తాయి. నడి వేసవిలో ఇగురు తక్కువ కాబట్టి పురుగూ తగ్గుతుంది, నీళ్లు పెట్టి బలవంతంగా చిగురు తెప్పించిన తోటల్లో తప్ప.

మందు కొట్టినా ఎందుకు పోవడం లేదు?

మూడు కారణాలు కలిసి వస్తాయి. లార్వా ఆకు పొర కింద ఉంటుంది కాబట్టి తాకితే చంపే మందులు దానికి తగలవు. ప్యూపా మడతలో దాగి ఉంటుంది. అన్నింటికన్నా ముఖ్యంగా, గీతలు కంటికి కొట్టొచ్చినట్టు కనబడే నాటికి పురుగు చాలా వరకు తన పని ముగించి ఉంటుంది. నేను కూడా ఒకప్పుడు దుకాణదారు ఇచ్చిన మందును మా మిద్దె మీది మొక్కకు వారం వారం మూడుసార్లు కొట్టి, గీతలు చెరిగిపోలేదని విసుక్కున్నాను. గీత ఆకుకు పడిన మచ్చ, పురుగు చచ్చినా అది అక్కడే ఉంటుందని అప్పుడు తట్టలేదు.

ఆకులోకి ఇంకే ఇమిడాక్లోప్రిడ్ వంటి అంతర్వాహక మందులు లార్వాను చేరగలవు. వాటిని లేత చెట్లకు, ఇగురు వేలెడు పొడవు కూడా కాకముందే, డబ్బా మీది మోతాదు దాటకుండా వాడాలి. పూత ఉన్నప్పుడు వాడకూడదు, తేనెటీగలకు అవి ప్రాణాంతకం. ఒకే మందును విడత విడతకూ వాడితే పురుగు దానికి అలవాటు పడుతుంది.

వేప కషాయం పనిచేస్తుందా?

సమయానికి కొడితే పనిచేస్తుంది. 5 శాతం వేప గింజల కషాయం, అంటే 100 లీటర్లకు 5 కిలోల గింజల పొడి, కుండీ మొక్కకైతే లీటరుకు 50 గ్రాములు రాత్రంతా నానబెట్టి వడకట్టుకొని, కొద్దిగా సబ్బు నీళ్లు కలిపి సాయంత్రం పూట ఇగురు మీద, ఆకు అడుగున తడిసేలా కొట్టాలి. ఇది గుడ్డు పెట్టకుండా తల్లి పురుగును కొంత వారిస్తుంది, చిన్న లార్వాల ఎదుగుదలను దెబ్బతీస్తుంది. ఎండకు దీని శక్తి త్వరగా పోతుంది కాబట్టి ఇగురు ముదిరేదాకా వారం పది రోజులకొకసారి మళ్లీ కొట్టవలసిందే.

మిత్ర పురుగులు ఉన్నాయా?

ఉన్నాయి, అవి చేసే పని మన మందులకన్నా తక్కువేమీ కాదు. కంటికి ఆనని చిన్న కందిరీగ జాతులు లార్వా మీద గుడ్డు పెడతాయి, వాటి పిల్లలు లార్వాను తిని పెరుగుతాయి. అల్లిక రెక్కల పురుగు పిల్లలు ఆకు పొర పైనుంచే కొండీల్లాంటి దవడలు గుచ్చి లోపలి లార్వాను పీల్చేస్తాయి. చీమలు, సాలీళ్లు కూడా తమ వంతు తింటాయి. ఫ్లోరిడాలో ఈ పురుగు విజృంభించినప్పుడు అజెనియాస్పిస్ సిట్రికోలా అనే ఆసియా కందిరీగను 1994లో అక్కడ విడిచిపెట్టారు. అది పురుగు గుడ్డులో ఒక్క గుడ్డు పెడితే, ఆ ఒక్కటే విడిపోయి అనేక పిల్లలవుతుంది. అక్కడివారు సముద్రాలు దాటించి తెచ్చుకున్నటువంటి మిత్రులు మన తోటల్లో ఊరికే ఉన్నాయి. చీటికీమాటికీ ఘాటైన మందు కొట్టే తోటలో ముందుగా పోయేవి అవే.

లింగాకర్షక బుట్టలు పెట్టవచ్చా?

పెట్టవచ్చు, పురుగు ఉధృతిని కనిపెట్టడానికి. ఎరకు మగ పురుగులే వస్తాయి, బుట్టలో పడిన లెక్కను బట్టి ఇగురు సమయంలో జాగ్రత్తపడవచ్చు. నాలుగు కుండీల మిద్దె తోటకు ఆ ఖర్చు అనవసరం.

గీతలు పడిన ఆకులను తుంచేయాలా?

తుంచకండి. గీత పోగా మిగిలిన పచ్చదనం ఇంకా చెట్టుకు ఆహారం తయారు చేస్తూనే ఉంటుంది. పైగా కొమ్మను కత్తిరిస్తే ఆ చోటు నుంచి కొత్త ఇగురు వస్తుంది, ఆ ఇగురే పురుగుకు విందు. తీసివేయవలసినవి మొదలు నుంచి నిటారుగా, వేగంగా లేచే నీటి కొమ్మలు. అవి కాయవు సరిగదా, ఏడాది పొడవునా లేత ఆకును అందిస్తూ పురుగును సాకుతాయి. కత్తిరింపులు ఏడాదికి ఒకసారే, పురుగు తక్కువగా ఉన్న కాలంలో పెట్టుకోండి. యూరియా విషయంలోనూ ఇదే జాగ్రత్త: తరచూ కొంచెం కొంచెం వేస్తే చెట్టు ఎడతెగకుండా చిగురిస్తుంది. చెట్టంతా ఒకేసారి ఇగురు వేసి, ఒకేసారి ముదిరేలా నీరు, ఎరువు అందిస్తే పురుగుకు దొరికే గడువు తగ్గుతుంది.

ఇలాంటి చెట్టు కాయలు తినవచ్చా?

నిరభ్యంతరంగా. పురుగు ఉండేది ఆకులో, అరుదుగా లేత కాండంలో. ఊరగాయకు కోసిన కాయలకు దీనితో ఏ సంబంధమూ లేదు. మందు కొట్టి ఉంటే మాత్రం డబ్బా మీద రాసిన గడువు రోజులు గడిచాకే కాయ కోయండి.

కొత్త మొక్క కొనేటప్పుడు ఏమి చూడాలి?

రైల్వే కోడూరు వైపు నర్సరీలకు వెళ్లినా, ఊళ్లో తోపుడు బండి మీద కొన్నా, మొక్క కొస ఇగురును వేళ్లతో విప్పి, ఆకుల అడుగును ఎండకు పట్టి చూడండి. పాత ఆకుల మీద ఒకటి రెండు ఎండిన గీతలు ఉంటే ఇబ్బంది లేదు. గీత వెంబడి పసుపు వలయంతో గరుకైన మచ్చలు ఉంటే అది గజ్జి, ఆ మొక్కను అక్కడే వదిలేయండి. ఇగురులో ఆకు అంచులు మడతపడి ఉంటే, ఆ మొక్కను మిగతా నిమ్మ మొక్కలకు దూరంగా రెండు మూడు వారాలు ఉంచి, మడతలున్న ఆకులను మాత్రం విప్పి లోపలి ప్యూపాను నలిపేసి, ఆ తరువాత దాని చోట నాటుకోండి.